పర్లాకిమిడి మండువా ఇల్లు: సున్నం ఎక్కడ, సిమెంటు ఎక్కడ (కేస్ స్టడీ)

కింద నాలుగడుగుల ఎత్తు దాకా టైల్స్, ఆ పైన సిమెంటు ప్లాస్టరింగ్, దాని మీద ప్లాస్టిక్ పెయింట్. పర్లాకిమిడిలో ఒక పాత మండువా ఇంటికి చెమ్మ పోవాలని కొన్నేళ్ల కిందట చేయించిన పని ఇది. రెండో వానాకాలానికే చెమ్మ టైల్స్ దాటి ఆరడుగుల ఎత్తుకు ఎక్కింది. పెయింట్ బుడగలు కట్టింది. బుడగను వేలితో నొక్కితే తెల్లటి ఉప్పు, ఎర్రటి ఇటుక పొడి కలిసి రాలేవి. ఇంటాయన మమ్మల్ని పిలిచింది చెమ్మ సంగతి చూడమని కాదు. కూల్చేసి మూడంతస్తుల స్లాబు ఇల్లు కట్టడానికి ప్లాను గీయమని.

ఇల్లు కూల్చలేదు. ముందు భాగమంతా సున్నంతో బాగుచేశాం. పెరటి వైపు ఆర్‌సీసీ ఫ్రేముతో, ఫ్లైయాష్ ఇటుకలతో కొత్త భాగం కట్టాం. ఏ పదార్థాన్ని ఎక్కడ వాడాం, ఎక్కడ వద్దన్నాం, ఎందుకన్నదే ఈ రాత. శ్రీకాకుళం నుంచి గజపతి, గంజాం, రాయగడ దాకా ఇలాంటి ఇళ్లు ఇంకా చాలా నిలబడి ఉన్నాయి. వాటిలో చాలావాటికి ఇప్పుడు జరుగుతున్నది ఈ టైల్స్, సిమెంటు వైద్యమే. అది చూస్తూ ఊరుకోలేక రాస్తున్నాను.

ఊరు, ఇల్లు

పర్లాకిమిడి మహేంద్రతనయ ఒడ్డున, ఆంధ్ర సరిహద్దును ఆనుకుని ఉంది. 1936 ఏప్రిల్ 1న ఒడిశా ప్రత్యేకంగా ఏర్పడినప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీ నుంచి అటు వెళ్లింది. 1992 నుంచి గజపతి జిల్లాకు కేంద్రం. గిడుగు రామమూర్తి పంతులు గారు పాఠాలు చెప్పిన ఊరు కాబట్టి తెలుగువాళ్లకు పేరు కొత్త కాదు. పాత వీధుల్లో ఇప్పటికీ అరుగుల మీద వినిపించేది తెలుగే.

ఈ ఇల్లు అలాంటి వీధిలో, రెండు పక్కలా ఉమ్మడి గోడలతో సన్నగా, పొడవుగా ఉంది. వీధి అరుగు, సావిడి, మండువా, వంటిల్లు, నుయ్యి, పెరడు వరసగా వస్తాయి. 1900లో నౌపడా నుంచి చిన్న రైలు వచ్చాక కొద్ది కాలానికి కట్టారని ఇంట్లోవాళ్ల మాట. కాగితం ఏదీ లేదు గానీ, మండువా చుట్టూ ఉన్న బెంగళూరు పెంకులు చూస్తే ఆ మాట నమ్మవచ్చు. ఆ రకం పెంకును మంగళూరులో బాసెల్ మిషన్ వాళ్లు 1865 నుంచి తయారుచేశారు. అలాంటి సరుకు ఇంత దూరం తేవడం రైలు వచ్చాకే తేలికై ఉంటుంది.

ముందున్న రెండు గదుల మీద మద్రాస్ టెర్రస్ ఉంది. సాల్ చెక్క దూలాల మీద చిన్న ఇటుకలను నిలువుగా, ఏటవాలు వరసల్లో సున్నంతో పేర్చి, పైన ఇటుక జల్లి, సున్నం కలిపి దిమ్మిస కొట్టిన కప్పు అది. గోడలు పద్దెనిమిది అంగుళాల మందం. రెండు ముఖాలూ నాటు ఇటుక, మధ్యలో ఇటుక ముక్కలూ సున్నం కలిపిన మట్టీ కూరారు. పునాది, దాని పైన మూడడుగుల దాకా తూర్పు కనుమల రాయి. భూగర్భ శాస్త్రం దాన్ని ఖోండలైట్ అంటుంది, కొండల్లో ఉండే ఖోందుల పేరు మీద. కోణార్క ఆలయం కట్టిందీ ఎక్కువగా ఈ జాతి రాయితోనే. ఉలికి లొంగే రాయి, కానీ పాతబడిన రాయి నీరు పీలుస్తుంది. మా కేసులో అది ముఖ్యమైన సంగతి.

ఇంటాయన రిటైరైన మాస్టారు. అబ్బాయి భువనేశ్వర్‌లో ఉద్యోగం. కూల్చేద్దామన్నది అబ్బాయి ఆలోచన. అబ్బాయి కోరినదాంట్లో తప్పు లేదు. పిల్లలతో వస్తే పడుకోవడానికి పొడిగా ఉండే గది కావాలి, గదికి ఆనుకుని బాత్రూమ్ కావాలి, మెట్లు దిగి పెరట్లోకి పోనక్కరలేని వంటిల్లు అమ్మకు కావాలి. పాత ఇల్లు కాపాడాలని చెప్పేవాళ్లు ముందు ఈ మూడింటికి జవాబు చెప్పాలి. లేకపోతే ఆ మాటకు విలువ లేదు.

చెమ్మ ఎక్కడి నుంచి

కూల్చాలా వద్దా అనే ముందు గోడ ఏ స్థితిలో ఉందో తెలియాలని మాస్టారిని ఒప్పించాం. మూడు చోట్ల టైల్స్, ప్లాస్టరింగ్ ఊడదీశాం. గోడకు వేర్వేరు ఎత్తుల్లో డ్రిల్లు పెట్టి, పైపైన రెండంగుళాల లోతు నుంచి ఒకసారి, ఎనిమిది అంగుళాల లోతు నుంచి ఒకసారి పొడి తీశాం. మూత బిగించిన సీసాల్లో వేసి తూచి, ఓవెన్‌లో 105 డిగ్రీల దగ్గర ఆరబెట్టి మళ్లీ తూచాం. తగ్గిన బరువే గోడలోని నీరు. ఖరీదైన మీటర్లు ఉప్పు పట్టిన గోడ మీద తప్పు చెబుతాయి, ఎందుకంటే ఉప్పు కూడా విద్యుత్తును పంపుతుంది. ఈ పాత పద్ధతి అలా మోసం చేయదు.

గోడ పైపొర కన్నా లోపలి భాగమే తడిగా ఉంది. గాలిలోని తేమ గోడ మీద పడుతుంటే ఇందుకు తిరగబడి ఉండేది. కాబట్టి నీరు నేల నుంచే వస్తోంది. అన్నిటికన్నా తడిగా ఉన్నది గోడ అడుగు కాదు, టైల్స్ అయిపోయిన గీతకు కాస్త పైన. మాకు కావలసిన సాక్ష్యం అదే.

నేలలోని నీరు ఇటుకలో ఉండే సన్నని రంధ్రాల గుండా తనంత తానే పైకి ఎక్కుతుంది. ఎంత ఎత్తు ఎక్కుతుందన్నది కింద నుంచి వచ్చే నీటికీ, గోడ ముఖం నుంచి ఆరిపోయే నీటికీ మధ్య లెక్క. ఈ ఇంట్లో వందేళ్లుగా ఆ లెక్క సరిపోతూ వచ్చింది. కిందనే ఎంతో కొంత తడి ఉండేది, అడుగున్నర రెండడుగుల్లోనే ఆరిపోయేది, ఏటేటా సున్నం కొడితే కనపడేది కాదు. టైల్స్ ఆ ఆరే దారిని మూసేశాయి. నీరు ఆగలేదు, దారి వెతుక్కుంటూ ఇంకా పైకి పోయింది. టైల్స్ పైన ఉన్న సిమెంటు, పెయింట్ కూడా సరిగ్గా ఆరనివ్వవు కాబట్టి నీరు ఆవిరయ్యే చోటు పూత బయటి ముఖం నుంచి జరిగి పూత వెనక ఇటుకలోకి వచ్చింది. నీరు ఆవిరైన చోటే ఉప్పు మిగులుతుంది. ఆ ఉప్పు స్ఫటికాలుగా పెరిగి ఇటుక రంధ్రాల గోడలను పగలగొడుతుంది. మెత్తటి సున్నపు పూత అయితే ఆ దెబ్బ తాను తిని రాలిపోతుంది, ఇటుక బతుకుతుంది. గట్టి సిమెంటు పూత తాను చెక్కుచెదరకుండా నిలబడి వెనకున్న ఇటుకను బలి ఇస్తుంది. మేం ఊడదీసిన చోట సిమెంటు పలకలు పలకలుగా వచ్చింది. ఒక్కో పలక వెనక అర అంగుళం ఇటుక అంటుకుని వచ్చింది.

టెక్కలి వైపు నుంచి వచ్చిన పెద్దమేస్త్రి ఆ పలకను చేతిలోకి తీసుకుని తిప్పి చూశాడు. "నోట్లో గుడ్డలు కుక్కేసినట్టుంది బాబూ గోడకి" అన్నాడు.

అయితే తప్పంతా టైల్స్ మీదకే నెట్టేస్తే సగం నిజమే చెప్పినట్టు. వీధి మట్టం చూడాలి. వీధికి సీసీ రోడ్డు పడిన ప్రతిసారీ పాతదాన్ని తవ్వకుండా దాని మీదే కొత్తది పోస్తూ వచ్చారు. ఒకప్పుడు మూడడుగుల ఎత్తున్న అరుగు ఇప్పుడు అడుగు కూడా లేదు. అంటే రాతి కట్టడం చాలా వరకు నేలలో కూరుకుపోయింది, మురుగు కాలువ నీరు ఇటుక మట్టానికి దగ్గరగా పారుతోంది. పీల్చుకునే గుణమున్న రాయి పక్కన ఎప్పుడూ తడి కాలువ. మూడో కారణం సావిడిలో పాత గచ్చు మీద వేసిన విట్రిఫైడ్ టైల్స్. గచ్చు గుండా కొద్దికొద్దిగా ఆరిపోయే నేల తడి ఆ టైల్స్ కింద చిక్కి గోడల వైపు తిరిగింది. కొత్త ఫ్లోరింగ్ వేసిన ఏడాది నుంచే గోడలు చెడ్డాయని అమ్మగారు మొదటి రోజే చెప్పారు. ఆవిడ మాట అక్షరాలా నిజం.

దూలాల సంగతి వేరు. సుత్తితో తట్టి, సన్నని చువ్వతో గుచ్చి చూస్తే మధ్యలో ఎక్కడా లోటు లేదు. వందేళ్ల సాల్ చెక్కలో మేకు కూడా దిగదు. గోడలోకి దూరిన చివరలు మాత్రం మూడింటికి కుళ్లిపోయాయి. మండువా మూలల్లో కప్పులు కలిసే చోట ఉన్న రేకు దోనెలు తుప్పుపట్టి కారుతున్నాయి. 2018 అక్టోబరు 11న తిత్లీ తుఫాను పలాస దగ్గర తీరం దాటినప్పుడు చూరు పెంకులు లేచిపోయాయట. అప్పుడు వాటిని సర్దారు గానీ దోనెలు చూడలేదు.

ఏం చేద్దామన్న చర్చ

మూడు దారులు కాగితం మీద పెట్టాం. ఒకటి, కూల్చి కొత్తది. ఉమ్మడి గోడలున్న వీధిలో కూల్చడం అంత సులువు కాదు. మన గోడ తీస్తే పక్కవాళ్ల దూలాలు గాలిలో వేలాడతాయి. సన్నని స్థలంలో ఫ్రేము కట్టాలంటే రెండు పక్కలా జాగా వదలాలి, అసలే ఇరుకైన గదులు ఇంకా ఇరుకవుతాయి. మండువా పోతే మధ్య గదులకు వెలుతురూ గాలీ ఉండవు.

రెండోది, చెమ్మను ఆపే రసాయనాన్ని గోడలోకి ఇంజెక్ట్ చేయడం. నిండుగా, ఒకే తీరున కట్టిన ఇటుక గోడలో అది కొంత పనిచేస్తుంది. లోపల ముక్కలూ మట్టీ కూరిన పద్దెనిమిది అంగుళాల గోడలో రసాయనం ఎటు పోతుందో చెప్పలేం. ఎక్కడా తెగకుండా ఒక గీతలా అడ్డుకట్ట ఏర్పడితేనే ఉపయోగం. మధ్యలో ఖాళీలున్న చోట అది కుదరదు. వద్దన్నాం.

మూడోది మేం చెప్పినది. నేల నుంచి వచ్చే నీటిని తగ్గించగలిగినంత తగ్గించి, మిగిలినది హాయిగా ఆరిపోయేట్టు గోడను తెరవడం. తడి పనులన్నీ, అంటే బాత్రూములు, వంటిల్లు, నీళ్ల ట్యాంకు, పాత గోడల మీద నుంచి తీసేసి పెరట్లో కొత్త భాగానికి మార్చడం. అబ్బాయి అడిగిన పొడి గది, ఏసీతో సహా, అక్కడే. మాస్టారు వెంటనే ఒప్పుకున్నారు. అబ్బాయి టెన్షన్ ఒక్కటే, గోడ ఆరడానికి ఎంత కాలం పడుతుందని. ఇటుక గోడకు అంగుళం మందానికి ఒక నెల అన్నది ఈ పనిలో అందరూ చెప్పే మోటు లెక్క. పద్దెనిమిది అంగుళాలకు ఏడాదిన్నర. రెండు వైపుల నుంచీ ఆరితే తగ్గవచ్చు, వానలు ఎక్కువైతే పెరగవచ్చు. ఈ మాట పని మొదలుకాక ముందే చెప్పాలి. పూత వేసిన నెలకే మచ్చ కనపడిందని కంగారుపడి మళ్లీ సిమెంటు కొట్టించిన ఇళ్లు నాకు తెలుసు.

సున్నపు పని

పని దసరా దాటాక, తుఫాన్ల భయం తగ్గాక మొదలుపెట్టాం. సున్నానికి కాలం చాలా ముఖ్యం. సున్నపురాయిని దాదాపు 900 డిగ్రీల వేడిలో కాలిస్తే అందులోని బొగ్గుపులుసు గాలి పోయి పొడి సున్నం మిగులుతుంది. నీళ్లు పోస్తే బుసబుసా ఉడికి మెత్తటి ముద్ద అవుతుంది. గోడ మీద పూసాక అది గాలిలోని అదే బొగ్గుపులుసు గాలిని మెల్లగా తీసుకుని మళ్లీ రాయిగా మారుతుంది. బాగా వానలో ఈ మార్పు జరగదు, ఎందుకంటే రంధ్రాలన్నీ నీటితో నిండి గాలి చొరదు. మే నెల ఎండలోనూ జరగదు, ఎందుకంటే ఈ మార్పుకు కాస్త తడి కావాలి. మన ప్రాంతంలో నవంబరు చివరి నుంచి మార్చి దాకా మంచి కాలం.

సున్నం పల్నాడులోని పిడుగురాళ్ల నుంచి తెప్పించాం. దుకాణంలో ప్యాకెట్లలో దొరికే సున్నం గోడకు వెల్ల వేయడానికి సరిపోతుందేమో గానీ గారకు పనికిరాదు. ఎన్నాళ్లు గాలి తగిలిందో తెలియదు. కాల్చాక ఇంకా నీళ్లు తగలని సున్నపు గడ్డలు తెచ్చి, ప్రతి మూట నుంచి ఒక గడ్డ బకెట్ నీళ్లలో వేసి చూసేవాడు మేస్త్రి. వెంటనే ఉడికి పగిలితే తీసుకున్నాం, నానుతూ ఊరుకుంటే వెనక్కి పంపాం. పెరట్లో గొయ్యి తీసి తడిపి, జల్లెడ పట్టి, పైన నీరు నిలిచేలా నెల రోజులకు పైగా నాననిచ్చాం. ఉడకని గడ్డ ఒక్కటి గారలో మిగిలినా గోడ మీద తరువాత ఉబ్బి గుంట పెడుతుంది.

గానుగ ఇప్పుడు ఈ చుట్టుపక్కల లేదు. ఎద్దులతో తిప్పే రాతి గానుగకు బదులు కరెంటు రోలర్ల మిక్సర్ అద్దెకు తెచ్చాం. ఇందులో నాకు ఏ పట్టింపూ లేదు. గానుగ చేసే పని సున్నాన్ని, ఇసుకను ఒత్తి నలపడం. మామూలు కాంక్రీటు మిక్సర్ కలుపుతుంది గానీ నలపదు. నలిపే యంత్రం ఉంటే చాలు.

మొదటి పూత సున్నం ఒక పాలు, ఇటుక పొడి ఒక పాలు, ఇసుక రెండు పాళ్లు. ఇటుక పొడికి బాగా కాలిన ఇటుక కాదు, తక్కువ కాలిన ఇటుక కావాలి. అందులోని మట్టి సున్నంతో కలిసి, గాలి సరిగ్గా తగలని లోతులో కూడా బిగుస్తుంది. తడి గోడకు ఇది అవసరం. కరక్కాయ నీళ్లు, బెల్లం నీళ్లు మేస్త్రి తన లెక్క ప్రకారం కలిపాడు. తేలిక పని అనిపించే ఆ కొలతల్లో అతని వెనక మూడు తరాల అనుభవం ఉంది. నేను జోక్యం చేసుకోలేదు.

కొద్దిగా సిమెంటు కలపమని చుట్టుపక్కల వాళ్లు చాలామంది చెప్పారు. ఒక తట్ట కలిపితే త్వరగా బిగుస్తుంది కదా అని. నేను గట్టిగా వద్దన్నాను. కొత్త గోడకు సిమెంటు, సున్నం, ఇసుక కలిపిన మిశ్రమాలు కట్టడాల నిబంధనల పుస్తకం (కోడ్) ఒప్పుకున్నవే, వాటిని నేనూ వాడతాను. ఉప్పు పట్టిన పాత మెత్తటి గోడ మీద మాత్రం అది చెడ్డ బేరం. పూత కింది ఇటుక కన్నా గట్టిదవుతుంది, ఆరే గుణం తగ్గుతుంది, సిమెంటులోని క్షారాలు తడితో కలిసి గోడలోకి కొత్త లవణాలను తెస్తాయి. గోడ మీద పూసేది ఎప్పుడూ గోడ కన్నా మెత్తగా ఉండాలి. ఈ ఒక్క నియమం పాటించినా సగం పాత ఇళ్లు బతుకుతాయి.

ఇటుకల మధ్య సందులను ముప్పావు అంగుళం లోతు గీకి, పాడైన ఇటుకలను ఒక్కొక్కటిగా తీసి, అంత గట్టివి కాని నాటు ఇటుకలనే పెట్టాం. కింది ఐదడుగులకు మొదట వేసిన గార శాశ్వతం కాదని ముందే అనుకున్నాం. ఒక వానాకాలం ఉండి, గోడలోని ఉప్పును లాక్కుని, చెడిపోయాక తీసేయడానికే వేసిన పూత అది. డబ్బు పెట్టి వేసినదాన్ని తీసేయడమేమిటని అబ్బాయి అడిగాడు. వానాకాలం అయ్యాక ఆ గార గీకి చూపించాం, చేతిలో ఉప్పు తళతళలాడింది. ఆ తరువాత వేసిందే అసలు గార, అర అంగుళానికి మించని రెండు పొరలు. పైన వెల్ల. రంగు కావాలన్న చోట కావి, పసుపు మన్ను. మట్టి రంగులు సున్నపు క్షారాన్ని తట్టుకుంటాయి.

సావిడిలో టైల్స్ తీసేసి, కింద కంకర, పైన ఇటుక జల్లీ సున్నం వేసి, కడప బండలు సున్నపు సందులతో పరిచాం. అరుగుకు పక్కగా అడుగు వెడల్పు కందకం తీసి కంకర నింపాం. వీధి మట్టం దించడం మా చేతిలో లేదు. మురుగు కాలువ గోడకు పురపాలక సిబ్బంది అడిగితే వచ్చి పగుళ్లు పూడ్చారు. కొంత మేలు.

ఇనుము, కాంక్రీటు పాత భాగంలోనూ వాడాం. కుళ్లిన దూలం చివరలు కోసేసి, రెండు పక్కలా ఉక్కు పలకలు పెట్టి స్టెయిన్‌లెస్ బోల్టులతో బిగించాం. కొత్త చివర రాతి దిమ్మ మీద, చుట్టూ గాలి ఆడేంత ఖాళీతో కూర్చుంది. మూడు చివరల కోసం మూడు మంచి దూలాలు పారేయడం అన్యాయం. చెక్క పనివాళ్లు చివర అతుకు చేయగలరు గానీ ఆ లోతులో ఉక్కే నమ్మకం. ఒక తలుపు పైనున్న కొయ్య అడ్డదూలం చెదపట్టి గోడ పగిలింది. అక్కడ పెరట్లో ముందుగా పోసి, క్యూరింగ్ అయిన ఆర్‌సీసీ లింటెల్‌ను ఎత్తి సున్నంలో కూర్చోబెట్టాం. గోడలోనే పోసి ఉంటే పచ్చి కాంక్రీటు నీరు, క్షారం గోడకు పట్టేవి.

పెంకులు తీసి కడిగి, పగిలినవి మార్చాం. చూరు వరసలూ కొప్పు పెంకులూ ప్రతి ఒక్కటీ తీగతో రీపర్లకు కట్టాం. బెంగళూరు పెంకు కింద కట్టడానికే చిన్న చెవి, రంధ్రం ఉంటాయి. ఎవరూ వాడరు. తుఫాను గాలి కప్పును పై నుంచి నొక్కదు, కింద నుంచి లేపుతుంది, ముందు లేచేది చూరే. దోనెలకు తుప్పు రేకు తీసి, మందపాటి అల్యూమినియం షీటు వంచి వేశాం. అల్యూమినియాన్ని పచ్చి సున్నం తింటుంది కాబట్టి ఆ రెండూ తగలకుండా మధ్యలో తారు కాగితం పెట్టాం.

పెరటి వైపు కొత్త భాగం

ఇక్కడ సున్నం వాడమని నన్ను అడిగినా ఒప్పుకునేవాణ్ని కాదు. రోజూ నీళ్లు పడే బాత్రూములు, పైన గది, ట్యాంకు బరువు, ఇరుకు స్థలం. తొమ్మిది అంగుళాల స్తంభంతో అయిపోయే పనికి సున్నపు గోడ అయితే రెండడుగుల మందం కావాలి. ఎం25 రకం కాంక్రీటు, స్తంభాల్లో ఇనుము మీద 40 మిల్లీమీటర్ల కాంక్రీటు కవరు, ఫ్లైయాష్ ఇటుకల గోడలు, నేల మట్టంలో తెగకుండా, చెమ్మ పైకి ఎక్కకుండా ఆపే డీపీసీ పట్టీ. కవరు దగ్గర మాత్రం రాజీ పడలేదు. మంచి కాంక్రీటు క్షారం వల్లే లోపలి ఇనుము తుప్పుపట్టకుండా ఉంటుంది. గాలిలోని బొగ్గుపులుసు గాలి మెల్లగా లోపలికి పోతూ ఆ క్షారాన్ని తగ్గిస్తుంది. అది ఇనుమును చేరడానికి పట్టే కాలమే ఆ ఇంటి ఆయుష్షు. సున్నాన్ని రాయిగా మార్చే గాలే ఇక్కడ ఇనుముకు శత్రువు. ఈ వీధిలోనే అర అంగుళం కవరు కూడా లేని స్లాబులు ముప్పై ఏళ్లకే పెచ్చులూడి ఊచలు బయటపెట్టాయి. వాటిని చూసి కాంక్రీటు చెడ్డదనడం, చెమ్మెక్కిన గోడను చూసి సున్నం చెడ్డదనడం ఒకే రకం పొరపాటు.

పాత వంటింటి కప్పు తీస్తే మిగిలిన మంచి పెంకులను జతలుగా బోర్లించి కొత్త స్లాబులో ఊచల మధ్య గళ్లలో పెట్టాం. స్లాబు కింది సగంలో కాంక్రీటు లాగుడు బలాన్ని మోయదు, ఆ పని ఇనుముదే. అక్కడ పెంకు పెడితే కాంక్రీటు మిగులుతుంది, బరువు తగ్గుతుంది, పెంకుల మధ్య గాలి వల్ల వేడి కొంత ఆగుతుంది. కేరళలో లారీ బేకర్ ఈ పద్ధతిని ఎన్నో ఇళ్లలో చేసి చూపించారు. సెంట్రింగ్ పనివాళ్లకు మొదట నమ్మకం కలగలేదు, తడిపిన పెంకులనే వాడాలన్న సంగతీ తెలియదు. పొడి పెంకు పచ్చి కాంక్రీటులోని నీరు లాగేస్తుంది.

పాతకూ కొత్తకూ మధ్య రెండంగుళాల ఖాళీ వదిలాం. పాత గోడ రాతి పునాది మీద కుదురుకుని వందేళ్లయింది, కొత్తది ఇప్పుడే కుదురుకోవాలి. కలిపి కడితే పగులు వచ్చేది మెత్తగా ఉన్న పాత గోడకే. ఖాళీ పైన రేకు మూత, నీరు కొత్త భాగం వైపే జారేట్టు.

ఖర్చు

మొత్తం కలిపితే మూడంతస్తులకు వేసుకున్న అంచనా కన్నా బాగా తక్కువలో అయింది. ముందు భాగం ఒక్కటే చూస్తే మాత్రం సిమెంటు ప్లాస్టరింగ్ కన్నా సున్నం ఖరీదే. సామాను చవక, చేతిపని ఎక్కువ. డబ్బు దుకాణానికి కాకుండా పనివాళ్ల ఇళ్లకు వెళ్లింది. పెద్దమేస్త్రి దగ్గర ఇద్దరు కుర్రవాళ్లు పనిచేశారు. ఒకరు కాశీనగర్ వైపు, ఒకరు గుణుపురం వైపు. టైల్స్ పని తప్ప ఇంకేదీ చేసి ఎరగరు. చివరి గదికి వచ్చేసరికి గార వాళ్లే వేశారు, మేస్త్రి అరుగు మీద కూర్చుని చూశాడు. ఈ పని రాబోయే ఇరవై ఏళ్లు ఈ జిల్లాలో ఎవరు చేస్తారన్నదే నాకు సిమెంటు, సున్నం తగాదా కన్నా పెద్ద ప్రశ్న.

ఇప్పుడు ఎలా ఉంది

అసలు గార వేశాక ఒక వానాకాలం గడిచింది. మళ్లీ అదే పద్ధతిలో పొడి తీసి తూచాం. అన్నిటికన్నా తడిగా ఉన్న చోటు ఇప్పుడు గోడ అడుగునే ఉంది, అడుగున్నర పైకి వెళ్లేసరికి బాగా తగ్గిపోతోంది. చెమ్మ పూర్తిగా పోలేదు. వీధి మట్టం అలా ఉన్నంత కాలం పూర్తిగా పోదు. ఈ సంగతి మాస్టారికి ముందే చెప్పాకే పని మొదలుపెట్టాం. సావిడిలో ముక్కిన వాసన లేదని అమ్మగారు అన్నారు. దేవుడి గది గోడకు మాత్రం ఇంకా మచ్చలు వస్తున్నాయి. దాని అవతల ముఖం పక్కింటిది, అక్కడ వాళ్లు టైల్స్ వేయించుకున్నారు. ఒకవైపే ఆరే గోడ అది. పక్కింటివాళ్లతో మాస్టారే మాట్లాడుతున్నారు, వాళ్లూ పెద్ద మనసుతో వింటున్నారు. ఎండాకాలం తరువాత ఒక పలక తీసి చూద్దామన్నారు.

ఇంటివాళ్లకు మేం రాసిచ్చిన కాగితంలో నాలుగు మాటలున్నాయి. ఏటా పండగకు ముందు వెల్ల వేయించండి, ప్లాస్టిక్ పెయింట్ ఎవరు ఉచితంగా వేస్తామన్నా వద్దనండి. వానలకు ముందు దోనెలు శుభ్రం చేయించండి. అరుగు పక్క కంకర కందకంలో మట్టి పేరుకోనివ్వకండి, పూల మొక్కలు పెట్టకండి. వీధికి మళ్లీ రోడ్డు వేస్తే, పోసే ముందు పాతది తవ్వమని వీధివాళ్లంతా కలిసి పురపాలక కార్యాలయానికి అర్జీ పెట్టండి. ఆఖరి దానికి మాస్టారు అప్పుడే సంతకాలు మొదలుపెట్టారు. వీధిలో పాత గోడలున్న ఇళ్లన్నీ ఇప్పటికి సంతకం చేశాయి, కొత్త స్లాబు ఇళ్లవాళ్లు కొందరు కూడా.